దీపం ఉన్నన్ని దినాలు

సూళగిరిలో బస్సు ఆగుతుందని శశికళకు హోసూరులో ఎక్కినప్పుడే తెలుసు. అయినా ఊరు దగ్గరపడి బస్సు నిదానించేసరికి ఆమె సీట్లో కిందికి జారి కూర్చుంది. కొంగు తలమీదికి లాక్కుని కిటికీ వైపు ముఖం తిప్పుకుంది. కృష్ణగిరికి పొద్దుటి నుంచి ఎన్ని బస్సులు పోవడం లేదు, అతను ఈ బస్సే ఎక్కాలని ఏముంది అని మనసుకు చెప్పుకుంది.

అతను ఈ బస్సే ఎక్కాడు.

ముందు అతని చిన్నాయన రామచంద్రప్ప ఎక్కాడు, భుజం మీద తువ్వాలు, నోట్లో తాంబూలం. వెనక మురళి. తల్లి పోయినప్పుడు గొరిగించుకున్న తల మీద జుట్టు ఇంకా పొట్టిగా, కోసిన చేను మొదళ్ళలా నిలబడి ఉంది.

"అరె, కోడలు ఈడే ఉండాది చూడప్పా!" అన్నాడు రామచంద్రప్ప బస్సంతా వినబడేటట్టు. "విడాకులకు పోయేదానికి మొగుడూ పెండ్లాము ఒకే బస్సు. ఏమప్పా కండక్టరూ, జంటకు టికెట్టులో ఏమైనా తగ్గిస్తావా?"

ముందు సీట్లో ఇద్దరు ముగ్గురు నవ్వారు. శశికళ పక్కన సీటు ఖాళీగా ఉంది. మురళి వచ్చి అందులో కూర్చున్నాడు. ఆమెకు ఒక పక్క కిటికీ కమ్ములు, ఇంకో పక్క అతని మోకాలు. లేచి పోదామన్నా అతను దారి ఇస్తే తప్ప పోలేదు. ఆ సంగతి ఆమెకు తెలుసు, అతనికీ తెలుసు.

"భయపడొద్దు శశీ," అన్నాడు మెల్లగా. "నేనేం చేస్తాను?"

మురళి ఎప్పుడూ అరిచి ఎరగడు. ఆమె మీద చెయ్యి చేసుకున్నదీ లేదు. పెళ్ళైన కొత్తలో ఆమె చుట్టుపక్కల వాళ్ళతో, నాకేం, బంగారంలాంటి మనిషి అని చెప్పుకునేది. ఆ తరువాత ఒకరోజు అతను టమోటా తోటకు పోతూ బయట నుంచి తాళం వేశాడు. మరిచిపోయి వేశాడేమో అనుకుంది. సాయంత్రం వచ్చి తాళం తీసి, "భయపడినావా? నేనేం చేస్తాను నిన్ను? ఎవరన్నా వస్తారేమోనని వేసినాను," అన్నాడు ఇదే గొంతుతో. మరుసటి రోజూ వేశాడు. ఆ తరువాత తాళం లేని రోజు ఆ ఇంటికి రాలేదు. ఆమె ఎండాకాలం మధ్యాహ్నాలు రేకుల కప్పు కింద, నీళ్ళ బిందె పక్కన కూర్చుని, బయట తాళం కదిలిన చప్పుడు కోసం చెవులు పెట్టి వినేది. తాళం కదిలితే ప్రాణం వచ్చేది. వచ్చింది అతనే అని తెలియగానే ఆ ప్రాణం మళ్ళీ పోయేది.

మునివెంకటమ్మ, అంటే ఆమె అత్త, మేకలు తోలుకుని పొద్దున్నే కొండ వైపు పోయేది. కొడుకు చేస్తున్న పని కొంతకాలం ఆమెకు తెలియలేదు. తెలిసిన నాడు ఏమీ అనలేదు. సూళగిరి సంతకు పోయి, తాళాలు బాగుచేసేవాడి చేత ఇంకో తాళంచెవి చేయించుకుని వచ్చింది. రోజూ మేకలను చెట్ల కింద వదిలి, మధ్యాహ్నం వచ్చి తాళం తీసి, కోడలిని కాసేపు వాకిట్లో కూర్చోబెట్టి, సంగటి తినిపించి, కొడుకు వచ్చే వేళకు మళ్ళీ తాళం వేసి పోయేది. చివరికి ఒక మధ్యాహ్నం తాళం తీసి, మళ్ళీ వేయలేదు. "పో తల్లీ. నేను తీసేదీ వేసేదీ ఎన్నాళ్ళు? హోసూరులో కంపెనీలు ఉండాయి, ఆడోళ్ళ హాస్టళ్ళు ఉండాయి. పో," అంది.

ఇద్దరూ ఒప్పుకుని విడిపోయే విడాకులకు మురళి చేత సంతకం పెట్టించింది కూడా ఆమే. కొడుకు చేతి కూడు ముట్టనని పంతం పట్టి కూర్చుంది. రెండు పూటలు చూశాడు, మూడో పూట సంతకం పెట్టాడు. కృష్ణగిరి కోర్టులో మొదటిసారి జడ్జి ముందు నిలబడినప్పుడు ఆమే కొడుకు పక్కన నిలబడింది. జడ్జి ఇద్దరి మాటా రాసుకుని, చట్టం ప్రకారం ఆరు నెలలు ఆలోచించుకోండి, అప్పటికీ ఇద్దరిదీ ఇదే మాటైతే విడాకులిస్తాను అన్నాడు.

ఆ ఆరు నెలల మధ్యలో మునివెంకటమ్మ పోయింది.

బస్సు మళ్ళీ హైవే ఎక్కింది. మురళి ముందుకు వంగి, చేతులు మోకాళ్ళ మధ్య పెట్టుకుని, ఎవరితోనో పొలం సంగతులు మాట్లాడినట్టు మాట్లాడాడు.

"అమ్మ పోయినంక పదకొండో దినం దాకా నా ఇంట్లోనే ఉంటివి. జడ్జి అడిగితే నేను అబద్ధం చెప్పేది లేదు. ప్రమాణం చేయించి కదా అడుగుతారు."

శశికళ కిటికీ కమ్మీ పట్టుకుంది.

"తెలిసినాయన ఒకడు చెప్పినాడు. కేసు నడిచేటప్పుడు ఆడది మొగుడింటికొచ్చి ఉంటే మళ్ళా కాపురం చేసినట్టే లెక్కంట. కేసు కొట్టేస్తారంట. మనం ఏమీ చేయాల్సిన పనే లేదు. వచ్చేటప్పుడు సూళగిరిలో దిగిపోదాం."

"నేను సాక్షిని!" అన్నాడు ముందు సీట్లోంచి రామచంద్రప్ప వెనక్కి తిరిగి. "మా వదిన దీపానికి నూనె పోసింది ఈయమ్మే. అంత బాగా చూసుకున్న కోడలు ఈ సుట్టుపక్కల ఎవరికుండాది? విడాకులంట, విడాకులు! సుమ్మనే, ఏం మాట్లాడకుండా ఇంటికి రామ్మా."

వాళ్ళ ఇళ్ళలో మనిషి పోయిన చోట మట్టి ప్రమిదలో దీపం పెడతారు. పదకొండో దినం కర్మ అయ్యేదాకా అది ఆరకూడదు. దాన్ని చూసుకోవలసింది కోడలే. మునివెంకటమ్మకు ఒక్కడే కొడుకు, ఒక్కతే కోడలు. చావు కబురు విని శశికళ కంపెనీ బట్టలతోనే పరుగెత్తుకుని పోయింది. శవం లేచాక ఆడవాళ్ళంతా ఆమె ముఖం వైపు చూశారు. ఎవరూ రమ్మనలేదు, ఉండమనలేదు. ఆమే పోయి దీపం ముందు కూర్చుంది. అప్పుడు ఆమెకు కోర్టు గుర్తు రాలేదు. అత్త చీకట్లో ఉండకూడదని ఒక్కటే అనిపించింది.

ఇంకొక సంగతి కూడా ఉంది. అది ఆమె ఎవరికీ చెప్పలేదు. దీపం ఉన్నన్ని దినాలు ఆ ఇంటి తలుపు మూయరు. పోయిన ప్రాణం వచ్చి పోతుంటుందని పగలూ రాత్రీ బార్లా తెరిచే ఉంచుతారు. తలుపు మూయరని తెలుసు కాబట్టే ఆమె అక్కడ ఉండగలిగింది. ఆ ఇంట్లో అన్ని సంవత్సరాలలో ఆమె భయం లేకుండా కన్ను మూసింది ఆ దినాలలోనే. దీపం పక్కన చాప, చుట్టూ చుట్టాల ఆడవాళ్ళు, ఎదురుగా తెరిచిన వాకిలి. మురళి గొడ్ల కొట్టం పక్కన మంచం వేసుకుని పడుకునేవాడు.

పదకొండో దినం దీపాన్ని ఏటికి తీసుకుపోయి వదిలి వచ్చారు. చుట్టాలు విస్తళ్ళ దగ్గర ఉన్నారు. శశికళ లోపల సంచి సర్దుకుంటుంటే మురళి వచ్చి, తలుపు ఒక రెక్క మూసి, రెండో రెక్క మీద చెయ్యి వేశాడు. "ఇంక మూయొచ్చు కదా," అన్నాడు. ఆమె ఆ సందులోంచి ఎలా బయటపడిందో ఆమెకే తెలియదు. భుజం దగ్గర రవిక చిరిగిందని హోసూరు వచ్చాక చూసుకుంది.

ఆ దినాల వల్ల కేసు పోతుందని మాత్రం ఇప్పుడే వింటోంది. తన చేతులారా తనే ఆ ఇంటి లోపలికి పోయి కూర్చుందన్నమాట. కురుబరపల్లి దాటి కృష్ణగిరి వచ్చేదాకా ఆమె కమ్మీ పట్టుకున్న చేతిని వదలలేదు.

కోర్టు ఆవరణలో టైపిస్టుల బల్లల దగ్గర లాయరు చిత్ర ఆమె కోసం చూస్తోంది. చిత్ర కృష్ణగిరి మనిషే, నలభై దాటినావిడ. సంగతి విని నుదురు కొట్టుకుంది.

"ఏం పని చేసినావు శశికళా! నాకొక ఫోను చేయకూడదా?"

"అత్త పోయింది మేడం. ఇంకేమీ తోచలేదు."

"ఏడవొద్దు. ముందు విను. ఒకే కప్పు కింద ఉన్నంత మాత్రాన కాపురం చేసినట్టు కాదు. చావింటికి పోయినావు, దీపం చూసినావు, వచ్చినావు. అది నేను చెప్పుకుంటాను. నా భయం అది కాదు."

"మరేంది మేడం?"

"వాడు. వాడు లోపలికొచ్చి నాకు ఇష్టం లేదని ఒక్క మాటంటే చాలు. కారణం కూడా చెప్పే పనిలేదు. ఈ కేసు ఈడికి అయిపోతుంది."

"సంతకం పెట్టినాడు కదా మేడం?"

"పెట్టినాడు. అది ఆ పొద్దుటి మాట. ఈ పొద్దు కూడా అదే మాట మీద ఉండల్ల, ఇద్దరూ. ఇద్దరూ ఒప్పుకున్న విడాకులంటే చివరిదాకా ఒప్పుకోవాల్సిందే. మధ్యలో ఒకరు వద్దంటే జడ్జి ఏం చేస్తాడు?"

శశికళ గేటు వైపు చూసింది. బస్సులో దారి పొడుగునా ఆమె దీపం గురించి భయపడింది. అసలు భయపడవలసిన మనిషి పక్కనే కూర్చుని, భయపడొద్దని చెబుతూ వచ్చాడు. దీపం వల్ల ఏమీ కాదని అతనికీ తెలియదు. తెలిస్తే ఏ మాట అంటే చాలునో కూడా ఎవరో ఒకరు చెప్పేస్తారు. అతన్ని ఒప్పించగలిగిన ఒక్క మనిషీ మట్టిలో ఉంది.

"ఒక మాట," అంది చిత్ర నల్లకోటు తొడుక్కుంటూ. "అడిగినదానికే జవాబు చెప్పు. అడగనిది చెప్పొద్దు."

పేర్లు పిలిచారు. లోపల పెద్ద గది, పాత ఫ్యాన్లు, వెనక బెంచీల మీద వేరే కేసుల వాళ్ళు. రామచంద్రప్ప కూడా వచ్చి వెనక కూర్చున్నాడు. జడ్జి అరవైకి దగ్గరపడిన మనిషి. తమిళంలో, తొందర లేకుండా అడిగాడు. శశికళ కూడా కంపెనీలో నేర్చుకున్న తమిళంలోనే జవాబు చెప్పింది.

"విడాకులు నీకు ఇష్టమేనా?"

"ఇష్టమే అయ్యా."

"ఎవరైనా బలవంతం చేశారా?"

"లేదయ్యా."

"పిటిషన్ వేసిన తరువాత మీరిద్దరూ కలిసి ఉన్నారా?"

చిత్ర ఆమె వైపు చూడకుండా కాగితాలు సర్దుతోంది. వెనక రామచంద్రప్ప దగ్గాడు. లేదు అని ఒక్క మాట చెబితే సరిపోతుంది. కానీ ఆ దగ్గు విన్నాక ఆమెకు ఆ మాట గొంతు దాటి రాలేదు.

"ఆ ఇంట్లో ఉన్నానయ్యా. అత్త పోయినప్పుడు. పదకొండో దినం దాకా."

చిత్ర చేతులు ఆగిపోయాయి. జడ్జి తల ఎత్తాడు.

"ఎందుకున్నావు?"

"దీపం చూసేదానికి."

"ఎందుకమ్మా అలా వణుకుతున్నావు? ఇక్కడ నిన్నెవరూ ఏమీ అనరు."

"భయమయ్యా."

"నేనంటేనా?"

ఆమె తల అడ్డంగా ఊపింది. మురళి వైపు చూపించడానికి చెయ్యి లేవలేదు. కానీ జడ్జికి అర్థమైంది.

"అంత భయమున్న మనిషి ఇంట్లో అన్ని రోజులు ఎలా ఉన్నావు?"

"అప్పుడు తలుపు మూయరయ్యా," అంది శశికళ.

జడ్జికి ఇది మాత్రం అర్థం కాలేదు. మళ్ళీ చెప్పమన్నాడు. అప్పుడామె చెప్పింది. దీపం ఉన్నన్ని దినాలు తలుపు తెరిచి ఉంచే ఆచారం చెప్పింది. అది ఎందుకు చెప్పాల్సి వచ్చిందో చెప్పాలంటే తాళం గురించి చెప్పక తప్పలేదు. మనసులు కలవలేదు అని పిటిషన్‌లో ఒక్క ముక్క రాశారు, అంతే. తాళం మాట ఆ ఇంటి బయట చిత్రకు తప్ప ఎవరికీ తెలియదు. చెబుతుంటే శశికళ గొంతు ఆమెకే ఎక్కడో దూరం నుంచి వినబడింది. రేకుల కప్పు వేడి చెప్పింది. అత్త ఇంకో తాళంచెవి చేయించిందని చెప్పింది. ఒకసారి జ్వరంలో పడి, కిటికీ దగ్గరికి పాక్కుంటూ పోయి, దారిన పోయేవాళ్ళను పిలవడానికి నోరు రాక మళ్ళీ వెనక్కి పాక్కుంటూ వచ్చానని చెప్పింది. పిలిస్తే అతనికి తెలుస్తుందని పిలవలేదని చెప్పింది.

జడ్జి కలం కింద పెట్టాడు.

"తాళం వేసేవాడివా?" అని జడ్జి మురళిని అడిగాడు.

"మా అమ్మ తీస్తానే ఉండె కదా సార్," అన్నాడు మురళి.

తన తప్పేమీ లేదన్నట్టు చెప్పాడు. చెప్పాక అందరూ తన వైపే చూస్తున్నారని అతనికి తెలిసింది.

"విడాకులు నీకు ఇష్టమేనా?"

మురళి పొట్టి జుట్టు మీద చెయ్యి రాసుకున్నాడు. "ఆలోచించల్ల సార్."

"ఆరు నెలలు ఆలోచించడానికే ఇచ్చాం," అన్నాడు జడ్జి. "సరే, భోజనాల తరువాత పిలుస్తాను. అవునో కాదో ఒక్క మాట చెప్పు. వద్దనే హక్కు నీకుంది."

ఆ చివరి మాట దగ్గరే శశికళ మనసు ఆగిపోయింది. తన నోటితో తనే అతన్ని అందరి ముందూ నిలబెట్టింది. ఇంక ఎందుకు ఒప్పుకుంటాడు? కోపం వస్తే అతను ఇంకా మెల్లగా మాట్లాడతాడు, ఇంకా నిదానంగా నడుస్తాడు. ఇప్పుడు గది దాటి బయటికి పోయినప్పుడు అలాగే నడిచాడు.

చిత్ర ఆమెను టైపిస్టుల బల్లల వెనక స్టూలు మీద కూర్చోబెట్టి, నేరుగా టీకొట్టు దగ్గరికి పోయింది. అక్కడ రామచంద్రప్ప ఒక్కడే నిలబడి ఉన్నాడు. మాటలు వినబడేంత దూరమే.

"తాళం సంగతి మాకెవ్వరికీ తెలీదమ్మా," అంటున్నాడు రామచంద్రప్ప. బస్సులో ఉన్న గొంతు ఇప్పుడు లేదు. "మా వదిన ఒక్క మాట చెప్పలేదు. నేనేమో ఆ పిల్లను పట్టుకుని..."

"ఇప్పుడు తెలిసింది కదా పెద్దాయనా. మీవాడు వద్దంటే వద్దనే. నేను ఇంకో కేసు వేస్తాను. అందులో మనసులు కలవలేదని రాస్తే చాలదు. ఈ పొద్దు ఆ పిల్ల చెప్పిందంతా రాయల్ల. ఊర్లో నుంచి సాక్షుల్ని పిలవల్ల. ముందు నిన్నే పిలుస్తాను. బోనెక్కి, మా ఇంటి కోడల్ని తాళం వేసి పెట్టినారు అని చెప్తువు గానీ."

రామచంద్రప్ప టీ గ్లాసు అక్కడే పెట్టేశాడు. కుళాయి దగ్గర వేరుగా నిలబడిన మురళి వద్దకు పోయి, నన్ను బోనెక్కించొద్దప్పా, ఒప్పుకో అన్నాడు. మురళి వినలేదు. చిన్నాయన చెయ్యి పట్టుకోబోతే విదిలించుకుని, గేటు దాటి రోడ్డు మీదికి పోయాడు. మామిడికాయల లారీ ఒకటి అడ్డం వచ్చింది. అది పోయాక చూస్తే అతను లేడు.

శశికళ లేచి నిలబడింది. "పోయినాడు మేడం."

"వస్తాడు."

"రాడు. నాకు తెలుసు."

రాకపోతే వాయిదా పడుతుంది. మళ్ళీ రాకపోతే మళ్ళీ పడుతుంది. ఆ వాయిదాలన్నిటికీ ఆమె ఈ బస్సే ఎక్కాలి, సూళగిరి మీదుగానే రావాలి. అతను ఎక్కడైనా ఉండొచ్చు. బస్టాండులో, కంపెనీ గేటు ముందు, హాస్టలు మెట్ల దగ్గర. భర్త అని చెబితే ఎవరూ అడ్డం చెప్పరు. ఆమె గేటు వైపు చూస్తూ, రావాలని కోరుకోవాలో రాకూడదని కోరుకోవాలో తెలియక నిలబడింది. అతని కోసం ఇలా ఎదురుచూస్తానని ఆమె ఏనాడూ అనుకోలేదు.

మధ్యాహ్నం బంట్రోతు వాకిట్లోకి వచ్చి పేర్లు పిలిచాడు. శశికళ లోపలికి పోయింది. మురళి పేరు మళ్ళీ పిలిచాడు. రామచంద్రప్ప ఫోను చెవికి పెట్టుకుని వరండాలో అటూ ఇటూ తిరుగుతున్నాడు. బంట్రోతు మూడోసారి పిలవడానికి నోరు తెరిచినప్పుడు మురళి మెట్లెక్కి వచ్చాడు. తలా ముఖమూ తడిగా ఉన్నాయి, చొక్కా గుండె దాకా తడిసింది.

"చెప్పు," అన్నాడు జడ్జి.

"ఇష్టమే సార్."

"ఏది ఇష్టం? పూర్తిగా చెప్పు."

మురళి వెనక్కి తిరిగి చిన్నాయన వైపు చూశాడు. రామచంద్రప్ప నేల చూస్తున్నాడు.

"విడిపోయేది," అన్నాడు మురళి. "విడిపోయేదానికి ఇష్టమే."

"ఎవరైనా బలవంతం చేశారా?"

మురళి తడిసిన చొక్కా అంచు పిండుకున్నాడు. అతను ఎప్పుడూ ఇలాగే చివరి క్షణం దాకా చెయ్యి తలుపు మీద పెట్టుకుని నిలబడతాడు.

"లేదు సార్."

జడ్జి రాసుకున్నాడు. వివాహం రద్దయిందని చదివాడు. అంతా అయ్యేసరికి పక్క కేసు వాళ్ళను పిలుస్తున్నారు.

బయట వరండాలో చిత్ర నకలు కాగితం కోసం అర్జీ రాయించడానికి పోయింది. శశికళ స్తంభానికి ఆనుకుని నిలబడింది. సంతోషం వస్తుందేమో అని చూసింది. రాలేదు. తల తిప్పేసరికి మురళి పక్కన ఉన్నాడు, చెయ్యి చాస్తే తగిలేంత దగ్గర.

"అయిపాయ," అన్నాడు అదే మెత్తని గొంతుతో. "ఒక మాట. అమ్మ ఏడాది తిథికి దీపం పెట్టల్ల. ఇంట్లో ఆడదిక్కు లేదు. నువ్వు రావల్ల."

రామచంద్రప్ప కొంచెం దూరంలో ఆగిపోయాడు. "ఆ మాట నువ్వు అడగకూడదు రా," అన్నాడు గానీ, గట్టిగా అనలేదు. ఆ తిథి మాట విని అతనూ ఆమె ముఖం వైపు చూశాడు, చావు దినం ఆడవాళ్ళు చూసినట్టు.

శశికళకు మునివెంకటమ్మ కళ్ళ ముందు నిలిచింది. మధ్యాహ్నం ఎండలో, మేకల వాసనతో, తాళం తీసి గడపలో నిలబడిన మనిషి. ఆ మనిషికి దీపం పెట్టడానికి రానని ఎలా చెప్పేది? ఏడాది తిథి ఒక్క రోజు పనే. ఒక్క రోజే కదా. మురళి ఆ మాట అనలేదు గానీ అతని ముఖంలో అది ఉంది. తిథి రోజున తలుపు తెరిచి ఉంచాలనే నియమం లేదు.

"రాను," అంది.

"నాకోసం కాదు శశీ. అమ్మ కోసం."

"అత్త పొమ్మనింది నన్ను. రమ్మనలేదు." ఆమె స్తంభాన్ని గట్టిగా పట్టుకుంది. "హోసూరులోనే పెట్టుకుంటాను దీపం. ఆ ఇంటికి రాను."

అతను ఇంకాసేపు నిలబడ్డాడు. ఆమె స్తంభం వదలలేదు, చూపు దించలేదు. చివరికి రామచంద్రప్ప వచ్చి అతని భుజం పట్టుకుని, "రాప్పా, పోదాం," అని తీసుకుపోయాడు. ఈసారి మురళి విదిలించుకోలేదు.

చిత్ర వచ్చి, "పొద్దుట్నుంచి ఏమైనా తిన్నావా?" అని అడిగింది.

"లేదు మేడం."

టీకొట్టు పక్కన హోటల్లో ఇడ్లీలు అయిపోయాయి, పొంగలి ఉంది. శశికళ ఆకు తీసుకుని, రోడ్డూ గేటూ రెండూ కనబడే బల్ల చూసుకుని, గోడకు వీపు ఆనించి కూర్చుంది. మొదటి ముద్ద దిగలేదు. నీళ్ళు తాగి రెండో ముద్ద పెట్టుకుంది. అది దిగింది.